చక్కెర లేని టీకి డబ్బు చెల్లించే దేశం: జపాన్ పానీయాల పరిశ్రమ, జనం అలవాట్లపై చర్చ

కృష్ణాతీరం (చర్చను ప్రారంభించినవారు)

సభ్యులందరికీ నమస్కారం. జపాన్ వీధుల్లోని వెండింగ్ మెషీన్ల గురించి మన భాషలో ఇప్పటికే చాలామంది రాశారు, కానీ వాటి సంఖ్యను చూసి ఆశ్చర్యపోవడం దగ్గరే ఆ రాతలు చాలావరకు ఆగిపోయాయి. ఆ యంత్రాల్లో ఏది అమ్ముడుపోతున్నది, ఎందుకు అమ్ముడుపోతున్నది అన్న ప్రశ్న అంతకన్నా ముఖ్యమైనదని నేను అనుకుంటున్నాను. గ్రీన్ టీ, ఊలాంగ్ టీ, బార్లీ టీ, మల్లెపూల టీ అని వరుసగా పేర్చి ఉన్న సీసాల్లో చక్కెర ఉండదు, పాలు ఉండవు. సీసాలో పోసి అమ్మే పానీయం అనగానే తీపిని ఆశించే దేశాల నుంచి వచ్చిన మనకు ఇది కొత్త.

ఇక్కడ ఇంకొక చిక్కు కూడా ఉంది. జపాన్‌లో టీ కొనుక్కునే వస్తువు కాదు, ఎదుటివారు పోసి ఇచ్చేది. భోజనశాలలో కూర్చోగానే, ఎవరింటికైనా వెళ్ళగానే, కార్యాలయంలో సమావేశం మొదలవగానే అడగకుండానే టీ ముందుకు వస్తుంది. మన ఊళ్ళలో మజ్జిగకు ఉండే స్థానమే అక్కడ దానిది. అలాంటి దాన్ని డబ్బాలో పోసి వెల కట్టినప్పుడు జనం ఎలా ఒప్పుకున్నారు? “అది వాళ్ళ సంప్రదాయం” అన్న సమాధానం నాకు చాలదు. సంప్రదాయమే కారణమైతే జనం ఇంట్లోనే కాచుకుని తాగాలి కదా. వివరం తెలిసినవారు చెప్పవలసిందిగా కోరుతున్నాను.

షిజువొకవాసి

కృష్ణాతీరం గారూ, మీ అనుమానం సబబైనదే. మొదట్లో జనం ఒప్పుకోలేదు. డబ్బా టీ కథ గ్రీన్ టీతో మొదలు కాలేదు, చైనా నుంచి దిగుమతి చేసుకున్న ఊలాంగ్ టీతో మొదలైంది. ఇతోఎన్ సంస్థ 1981లో డబ్బా ఊలాంగ్ టీని అమ్మకానికి పెట్టింది, సంతోరీ కూడా అదే సమయంలో ఆ రంగంలోకి దిగింది. ఊలాంగ్ టీ అప్పటికి ఇంటింటా కాచుకునేది కాదు, ఎవరూ ఊరికే పోసేదీ కాదు. నూనె పదార్థాలు తిన్నాక తాగితే మంచిదన్న పేరు కూడా దానికి వచ్చింది. పరాయి టీ కాబట్టే దానికి వెల చెల్లించడం ఎవరికీ విడ్డూరంగా అనిపించలేదు. చక్కెర లేని పానీయాన్ని కొనడం అనే అలవాటును ముందుగా నాటింది ఊలాంగ్ టీయే అని నా అభిప్రాయం. గ్రీన్ టీ ఆ దారిన వెనుక నడిచింది.

గ్రీన్ టీ ఆలస్యం కావడానికి సాంకేతిక కారణం కూడా ఉంది. ఊలాంగ్ ఆకు సగం పులిసినది కనుక దాని రంగు మారినా పెద్దగా తెలియదు. గ్రీన్ టీ మాత్రం గాలిలోని ఆక్సిజన్ తగలగానే గోధుమ రంగుకు తిరుగుతుంది, డబ్బాలో సూక్ష్మజీవులు చావడానికి వేడి చేస్తే ఉడికిన చిలగడదుంప లాంటి వాసన వస్తుంది. ఇతోఎన్ ఈ సమస్య మీద దాదాపు పదేళ్ళు పనిచేసింది. మూత వేసే ముందు డబ్బాలో నైట్రోజన్ వాయువును ఊది ఆక్సిజన్‌ను వెళ్ళగొట్టే పద్ధతి కుదిరాక, 1985లో మొదటి డబ్బా గ్రీన్ టీ వచ్చింది. దానికి ఆశించిన ఆదరణ దొరకలేదు. 1989లో ‘ఓయ్ ఓచా’ అని పేరు మార్చాక అమ్మకాలు బాగా పెరిగాయి. ఇంట్లో టీ తెమ్మని కేకేసే మాట అది, అంతకుముందు టీవీ ప్రకటనల్లో బాగా వినిపించిన మాట కూడా.

1990లో ఒకటిన్నర లీటరు ప్లాస్టిక్ సీసా, 1996లో అర లీటరు సీసా, 2000లో వేడిగా అమ్మగలిగే సీసా వచ్చాయి. అదే 2000లో కిరిన్ ‘నమచా’తోనూ, 2004లో సంతోరీ ‘ఇయెమొన్’తోనూ, 2007లో కోకాకోలా ‘అయతకా’తోనూ పోటీకి దిగాయి. ఇయెమొన్ తయారీలో 1790 నాటి క్యోటో టీ వ్యాపార సంస్థ ఫుకుజుఎన్ భాగస్వామి. కోకాకోలా కూడా ఉజి ప్రాంతపు పాత టీ వ్యాపారులైన కన్‌బయషి వారి తోడు తీసుకున్నది. కార్ఖానాలో తయారైన టీ సైతం పాత ఇంటిపేరును వెంటబెట్టుకుని రావలసి వచ్చిందంటే, సంప్రదాయానికి ఈ కథలో ఉన్న అసలు పాత్ర ఏమిటో తెలుస్తుంది. అలవాటు కొత్తది, దాని మీద నమ్మకం కలిగించడానికి సంప్రదాయం పనికివచ్చింది.

సరుకుబండి

నేను సైతమాలో పానీయాల పంపిణీకి సంబంధించిన సాఫ్ట్‌వేర్ పని చేస్తున్నాను. షిజువొకవాసి గారు చెప్పిన చరిత్రకు యంత్రాల వైపు నుంచి కొంత చేర్చాలి.

డబ్బా టీకి దారి వేసింది డబ్బా కాఫీ. కోబెకు చెందిన ఉయెషిమా కాఫీ సంస్థ, అంటే నేటి యూసీసీ, 1969లో పాలు కలిపిన డబ్బా కాఫీని విడుదల చేసింది, మరుసటి ఏడాది ఒసాకాలో జరిగిన ప్రపంచ ప్రదర్శనలో అది జనానికి పరిచయమైంది. 1973లో పొక్కా సంస్థ ఒకే యంత్రంలో వేడి డబ్బాలను, చల్లని డబ్బాలను అమ్మే ఏర్పాటు తెచ్చింది. నా దృష్టిలో ఈ పరిశ్రమలో అంతకన్నా పెద్ద మలుపు లేదు. అంతకుముందు పానీయాల వ్యాపారం వేసవి వ్యాపారం. ఆ యంత్రం వచ్చాక చలికాలం కూడా అమ్మకాల కాలమైంది. వేడి డబ్బాలను సుమారు 55 డిగ్రీల దగ్గర, చల్లనివాటిని 5 డిగ్రీల దగ్గర ఉంచుతారు. ఆకులు రాలే రోజులు రాగానే యంత్రంలో కొన్ని వరుసలను చల్లదనం నుంచి వేడికి మార్చడం పంపిణీ సిబ్బందికి ఏటా వచ్చే పెద్ద పని. ఆ మార్పు ఒక వారం ముందు చేసినా, ఒక వారం ఆలస్యమైనా అమ్మకాలు దెబ్బతింటాయి.

1975లో కోకాకోలా జపాన్ ‘జార్జియా’ను, 1992లో సంతోరీ ‘బాస్’ను తెచ్చాయి. నిర్మాణ కూలీలు, లారీ డ్రైవర్లు, పగలంతా బయట తిరిగే అమ్మకపు సిబ్బంది వీటిని ఎక్కువగా కొనేవారు. వాటిలో చక్కెర, పాలు దండిగా ఉంటాయి. కాబట్టి జపనీయులకు తీపి పానీయం గిట్టదని అనుకోకూడదు. విరామంలో రెండు గుక్కల్లో ముగించే తీపి కాఫీ వేరు, రోజంతా దగ్గర ఉంచుకుని దాహానికి తాగే టీ వేరు. ఒకే మనిషి రెంటినీ కొంటాడు. అర లీటరు సీసాకు మూత తిప్పి మళ్ళీ బిగించే వీలు ఉండడం వల్లే ఈ రెండో రకం తాగుడు సాధ్యమైంది. తెరిచిన డబ్బాను సంచిలో పెట్టుకోలేము కదా.

సంఖ్యల విషయానికి వస్తే, అన్ని రకాల వెండింగ్ మెషీన్లు కలిపి 2000 సంవత్సరంలో సుమారు 56 లక్షలు ఉండేవి, అదే గరిష్ఠం. ఇప్పుడు మొత్తం 40 లక్షల దరిదాపుల్లో ఉన్నాయి, వాటిలో పానీయాలవి సుమారు 22 లక్షలు. అంటే పానీయాల యంత్రం ఒక్కటి 55 మందికి పైగా జనానికి లెక్క. సంఖ్య తగ్గడానికి కారణాలు ఉన్నాయి. 2013లో సెవెన్ ఎలెవెన్ దుకాణాలు అప్పటికప్పుడు గింజలు మరపట్టి ఇచ్చే కాఫీని 100 యెన్లకు అమ్మడం మొదలుపెట్టాయి. డబ్బా కాఫీ ఆ దెబ్బ నుంచి పూర్తిగా కోలుకోలేదు. 2017లో సంతోరీ ‘క్రాఫ్ట్ బాస్’ను డబ్బాలో కాకుండా పారదర్శకమైన సీసాలో తెచ్చింది, బల్ల ముందు కూర్చుని పనిచేసేవారిని ఉద్దేశించి చేసిన మార్పు అది. 2024 ఏప్రిల్ నుంచి లారీ డ్రైవర్ల అదనపు పని గంటలకు ఏటా 960 గంటల పరిమితి అమలులోకి వచ్చింది. యంత్రాన్ని నింపడానికి మనిషి దొరకడమే ఇప్పుడు కష్టం. ఏ యంత్రంలో ఏది అయిపోయిందో ముందే కబురు అందేలా వాటిని నెట్‌వర్క్‌కు కలిపితే, బండి అవసరం లేని చోటికి వెళ్ళకుండా ఆగుతుంది. మా పని చాలావరకు దీని గురించే.

కృష్ణాతీరం

ఇద్దరికీ కృతజ్ఞతలు. అర లీటరు సీసా 1996లోనే ఎందుకు వచ్చింది? ప్లాస్టిక్ సీసాలు అంతకుముందు కూడా ఉన్నాయి కదా.

గ్రంథాలయం

దానికి సమాధానం చట్టంలో ఉంది. చిన్న సీసాలు వస్తే వీధుల్లో చెత్త పెరుగుతుందన్న విమర్శకు జడిసి, లీటరు కన్నా చిన్న ప్లాస్టిక్ సీసాలను తయారు చేయకూడదని జపాన్ పానీయాల సంస్థలు తమకు తామే కట్టుబాటు పెట్టుకున్నాయి. డబ్బాలు, సీసాలు, కాగితం వంటి ప్యాకింగ్ సామగ్రిని వేరుగా సేకరించి తిరిగి వాడుకోవాలన్న చట్టం 1995లో వచ్చింది, 1997లో ప్లాస్టిక్ సీసాలకు అమలైంది. చట్టం వస్తున్నదని తేలాక 1996లో సంస్థలు ఆ కట్టుబాటును ఎత్తివేశాయి. ఈ రోజు ఆ దేశంలో ప్లాస్టిక్ సీసాల్లో సుమారు 85 శాతం తిరిగి వినియోగంలోకి వస్తున్నాయి. ప్రపంచంలో ఇది చాలా ఎక్కువ. జనం ఇళ్ళలో మూత తీసి, పైనున్న చీటీ ఒలిచి, సీసాను కడిగి వేరుగా పెడతారు. ఆ శ్రమ ఏ సంస్థ లెక్కల పుస్తకంలోనూ ఖర్చుగా కనిపించదు.

ఇక్కడ నాకు ఒక ఆక్షేపణ ఉంది. తిరిగి వాడుకోవడం బాగా సాగుతున్నదన్న ధీమాయే చిన్న సీసాల వాడకాన్ని ఇంతగా పెంచింది. సేకరణ ఎంత చక్కగా ఉన్నా, కుళాయి నీటిని నిశ్చింతగా తాగగలిగే దేశంలో ఇన్ని సీసాలు అవసరమా అని అడగవలసిందే.

పోషకాహారం

నేను విశాఖపట్నంలో ఆహార నిపుణురాలిగా పనిచేస్తున్నాను. నా దగ్గరకు వచ్చేవారిలో మధుమేహం ఉన్నవారు చాలామంది. దాహం తీర్చుకునే పానీయంలో చక్కెర లేకపోవడం ఎంత మేలు చేస్తుందో నాకు బాగా తెలుసు కనుక, ఈ చర్చలోని విషయం నాకు చాలా ముఖ్యం.

అయినా జపాన్ చిత్రాన్ని మరీ అందంగా గీయకూడదు. తీపి పానీయాలను అదే పనిగా తాగే యువకులలో రక్తంలో చక్కెర ఒక్కసారిగా పెరిగిపోయి స్పృహ తప్పే స్థితికి అక్కడి వైద్యులు ‘ప్లాస్టిక్ సీసా రోగం’ అని అర్థం వచ్చే పేరే పెట్టారు. దాహం వేస్తే తీపి పానీయం తాగడం, దానివల్ల చక్కెర పెరిగి దాహం ఇంకా ఎక్కువ కావడం, మళ్ళీ అదే తాగడం దీని క్రమం. చెమట వల్ల పోయే లవణాలను భర్తీ చేయడానికి 1980లో ఒత్సుకా సంస్థ తెచ్చిన ‘పోకారి స్వెట్’ వంటి వాటిలో కూడా చక్కెర ఉంటుంది. ఎండలో పని చేసేవారికి అవి ఉపయోగమే, కుర్చీలో కూర్చున్నవారు నీళ్ళకు బదులు తాగడం మంచిది కాదు.

నేను మెచ్చేది బార్లీ టీని. వేయించిన బార్లీ గింజలతో కాచే ఆ టీని ‘ముగిచా’ అంటారు. అందులో కెఫీన్ ఉండదు కనుక పిల్లలు, గర్భిణులు, ముసలివారు కూడా తాగుతారు. ఎండదెబ్బ భయం పెరిగిన ఈ ఏళ్ళలో సీసాలో పోసిన బార్లీ టీ అమ్మకాలు అక్కడ బాగా పెరిగాయి. మన ఇళ్ళలో జ్వరం వచ్చినప్పుడో, ఒళ్ళు వాచినప్పుడో బార్లీ నీళ్ళు కాచి ఇస్తారు. మనం దాన్ని మందుగా చూశాం, వాళ్ళు వేసవి పానీయంగా చూశారు. గింజను వేయించి కాచడం వల్ల వచ్చే కమ్మని వాసనే ఈ తేడాకు కారణమని నా నమ్మకం. మన దగ్గర ఎవరైనా ఈ పని చేస్తే నేను ముందుగా నా దగ్గరకు వచ్చేవారికి చెబుతాను.

ప్రభుత్వ ముద్ర గురించి కూడా ఒక మాట. 1991లో జపాన్ ‘తొకుహొ’ అనే విధానం తెచ్చింది. శాస్త్రీయ ఆధారాలు చూపి అనుమతి పొందిన ఆహారాలు తమ ఆరోగ్య ప్రయోజనాన్ని చీటీ మీద చెప్పుకోవచ్చు. 2003లో కావో సంస్థ తెచ్చిన ‘హెల్షియా’ గ్రీన్ టీ, 2006లో సంతోరీ తెచ్చిన నల్ల ఊలాంగ్ టీ ఈ ముద్రతోనే మామూలు టీ కన్నా ఎక్కువ ధరకు అమ్ముడుపోయాయి. 2015లో వచ్చిన మరో విధానంలో ప్రభుత్వ అనుమతి అక్కరలేదు, సంస్థ తానే ఆధారాలు సమర్పించి నమోదు చేసుకుంటే చాలు. వినియోగదారు ఈ రెండు ముద్రల మధ్య తేడాను గమనించాలి. సీసా మీద ఉన్న మాటలు ఒకేలా కనిపిస్తాయి, వెనుక ఉన్న పరిశీలన ఒకే స్థాయిది కాదు.

సుంకాల_లెక్క

చట్టం అలవాటును మలుస్తుందన్న గ్రంథాలయం గారి మాటకు బీరు కన్నా మంచి ఉదాహరణ లేదు. చర్చ టీ చుట్టూ తిరుగుతున్నా పరిశ్రమ ఒక్కటే. సంతోరీ, కిరిన్, అసాహి, సప్పొరొ ఈ రెండు వైపులా ఉన్న సంస్థలే.

జపాన్‌లో బీరు తరహా మద్యం మీద సుంకం ఆ పానీయంలో ఎంత మాల్టు, అంటే మొలకెత్తించి ఆరబెట్టిన బార్లీ, ఉన్నదన్న దాన్ని బట్టి ఉండేది. దీన్ని గమనించి సంతోరీ 1994లో మాల్టు తగ్గించిన ‘హాప్స్’ అనే పానీయాన్ని తెచ్చింది. చూపుకు బీరే, చట్టం దృష్టిలో మాత్రం ‘హప్పోషు’ అనే వేరే తరగతి, సుంకం తక్కువ. ప్రభుత్వం 1996లో ఆ సుంకం పెంచితే, సంస్థలు మాల్టును పాతిక శాతం కన్నా తక్కువకు దించాయి. ఆ తర్వాత సప్పొరొ సంస్థ మాల్టే లేకుండా బఠాణీ ప్రోటీన్‌తో ‘డ్రాఫ్ట్ వన్’ చేసింది, 2004లో అది దేశమంతటా వచ్చింది. దాన్ని జనం మూడో రకం బీరు అన్నారు. 350 మిల్లీలీటర్ల డబ్బాకు బీరు మీద 77 యెన్లు, హప్పోషు మీద దాదాపు 47 యెన్లు, మూడో రకం మీద 28 యెన్లు సుంకం ఉన్నప్పుడు, జీతం పెరగని కుటుంబం ఏది కొంటుందో వేరే చెప్పాలా? ఒక తరం తమ ఇంటి బీరు రుచిగా ఎరిగినది సుంకాల పట్టిక తయారుచేసిన రుచి. ఎంతోమంది నైపుణ్యం గల తయారీదారులు మంచి బీరు చేయడానికి బదులు తక్కువ సుంకం పడే పానీయాన్ని బీరులా ఉండేలా చేయడానికి తమ తెలివిని ఖర్చుచేశారు. దీన్ని నేను ప్రతిభకు జరిగిన నష్టంగానే చూస్తాను.

ప్రభుత్వం కూడా చివరికి తేడాలను తొలగించాలని నిర్ణయించింది. 2020 అక్టోబరులో బీరు సుంకం 70 యెన్లకు తగ్గింది, 2023 అక్టోబరులో 63.35 యెన్లకు దిగింది. మూడో రకం అదే సమయంలో పెరుగుతూ వచ్చి హప్పోషుతో సమానమైంది. చట్టం నిర్దేశించిన ప్రకారం 2026 అక్టోబరు నుంచి అన్నింటి మీదా 54.25 యెన్లే.

ఇంకో సంగతి కూడా ఉంది. 2022లో జాతీయ పన్నుల సంస్థ 20 నుంచి 39 ఏళ్ళ వారి చేత మద్యం తాగించే ఉపాయాలు చెప్పమని పోటీ పెట్టి విమర్శల పాలైంది. ఆరోగ్య శాఖ 2024 ఫిబ్రవరిలో మొదటిసారిగా మద్యపాన మార్గదర్శకాలు విడుదల చేసి, స్వచ్ఛమైన ఆల్కహాలు రోజుకు పురుషులకు 40 గ్రాములు, స్త్రీలకు 20 గ్రాములు లేదా అంతకు మించితే జీవనశైలి వ్యాధుల ముప్పు పెరుగుతుందని చెప్పింది. ఒక చేయి తాగమంటే ఇంకొక చేయి వద్దన్నది.

తెనాలి_పాఠకురాలు

చిన్న విషయం చేర్చాలనిపించింది. జపాన్ ‘రామునె’ సీసా, మన గోలీసోడా సీసా ఒకే ఇంట పుట్టినవి. హైరం కాడ్ అనే ఆంగ్లేయుడు 1870లలో రూపొందించిన సీసా అది, లోపలి వాయువు ఒత్తిడితో గోలీ పైకి వచ్చి మూతిని మూసేస్తుంది. జపాన్‌లో దీన్ని చిన్న సంస్థలే చేస్తున్నాయి. చిన్న వ్యాపారులకు చోటు మిగల్చడానికి 1977లో వచ్చిన చట్టం నీడలో పెద్ద సంస్థలు ఈ వస్తువు జోలికి రాలేదు. సుంకాల_లెక్క గారి ఉదాహరణలో చట్టం రుచిని చెడగొడితే, ఇక్కడ ఒక రుచిని బతికించింది.

షిజువొకవాసి

చివరగా ఆకు పండించేవారి గురించి మాట్లాడకపోతే ఈ చర్చ సగమే అవుతుంది.

సీసా టీ గెలిచిన కాలంలోనే ఇంట్లో కాచుకునే ఆకు ఓడిపోయింది. కుటుంబాలు ఆకు మీద పెట్టే ఖర్చు ఏళ్ళ తరబడి తగ్గుతూ వచ్చింది, తయారుగా ఉన్న టీ మీద ఖర్చు దాన్ని దాటిపోయింది. వసంతంలో కోసే మొదటి కోత ఆకుకే మంచి ధర పలుకుతుంది. సీసాల్లోకి ఎక్కువగా వెళ్ళేది తర్వాతి కోతల చవక ఆకు. షిజువొక కొండ వాలుల్లో చిన్న చిన్న తోటలున్న వృద్ధ రైతులు ఆ ధరకు గిట్టుబాటు కాక మానుకున్నారు. దక్షిణాన క్యుషూ దీవిలోని కగొషిమాలో నేల చదునైనది, తోటలు పెద్దవి, మనిషి ఎక్కి నడిపే కోత యంత్రాలు తిరుగుతాయి. ఇతోఎన్ కూడా 2001 నుంచి క్యుషూలో బీడుపడిన భూముల్లో పెద్ద తోటలు వేయించి, ఆకు మొత్తం తానే కొనేలా ఒప్పందాలు చేసుకున్నది. ఫలితంగా 2024లో ముడి టీ, అంటే కోశాక మొదటి విడత ఆరబెట్టిన ఆకు, ఉత్పత్తిలో కగొషిమా సుమారు 27,000 టన్నులతో మొదటి స్థానానికి వచ్చింది, 1959 నుంచి ఆ స్థానంలో ఉన్న షిజువొక 25,800 టన్నులతో రెండో స్థానానికి దిగింది. ఇక్కడివారికి అది పత్రికలో చదివి వదిలేసే అంకె కాలేదు.

దీని మీద ఇప్పుడు మచ్చా, అంటే పొడి చేసిన గ్రీన్ టీ, గిరాకీ వచ్చి పడింది. మచ్చాకు వాడే ఆకును ‘టెంచా’ అంటారు. కోతకు ముందు సుమారు మూడు వారాలు తోటను కప్పి ఎండ తగలకుండా ఉంచి, ఆవిరి పట్టి, నలపకుండా ఆరబెట్టి, తిరగలిలో విసురుతారు. ఒక రాతి తిరగలి గంటకు 40 గ్రాముల దాకానే విసరగలదు. విదేశాల గిరాకీతో 2024లో గ్రీన్ టీ ఎగుమతులు 3,640 కోట్ల యెన్లకు చేరాయి. ఆ శరత్కాలంలో ఇప్పొదొ, మరుక్యూ కొయమఎన్ వంటి క్యోటో ప్రాంతపు పాత సంస్థలు మనిషికి ఇంతే అని అమ్మకాలకు పరిమితి పెట్టాయి. 2025 మే నెలలో క్యోటో వేలంలో టెంచా సగటు ధర కిలోకు 8,235 యెన్లు పలికింది, అంతకుముందు ఏడాదితో పోలిస్తే అది రెండున్నర రెట్లకు మించినది.

ధర చూసి రైతులు మామూలు ఆకు నుంచి టెంచా వైపు మళ్ళుతున్నారు, వారిని తప్పుపట్టలేము. కానీ కప్పే వలలకు, ప్రత్యేకమైన ఆరబెట్టే కొలిమికి పెట్టుబడి కావాలి, డెబ్భై ఏళ్ళు దాటి వారసులు లేని రైతుకు అది అందదు. అటు మామూలు ఆకు కొరతతో దాని ధర పెరిగితే, సీసా టీ చేసే సంస్థలకు చవక ఆకు దొరకదు.

కృష్ణాతీరం

అయితే సీసా టీ ధర పెరిగితే జనం మళ్ళీ ఇంట్లో కాచుకునే ఆకు వైపు వెళతారా?

షిజువొకవాసి

ఎక్కువమంది వెళ్ళరనే అనుకుంటున్నాను. టీ కూజా లేని ఇళ్ళు యువకులలో చాలా ఉన్నాయి. వారు బార్లీ టీకి మారవచ్చు. ఎక్కువమంది అంగళ్ళలో దొరికే రెండు లీటర్ల చవక సీసా కొని, ఇంట్లో చిన్న సీసాలో నింపుకుని పనికి పట్టుకువెళతారు, ఇప్పటికే అలా చేస్తున్నవారు ఉన్నారు. ఆకు వైపు వచ్చే కొద్దిమంది కోసం ఇక్కడి రైతు సహకార సంఘాలు చల్లని నీటిలో వేస్తే చాలనే టీ సంచులను అమ్ముతున్నాయి. రెండో కోత ఆకుకు నాకు కనిపిస్తున్న మంచి గిరాకీ అదొక్కటే. నా దగ్గరకు వచ్చే తెలుగువారికి నేను వాటినే ఇస్తున్నాను, లీటరు నీటికి ఒక సంచి వేసి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచితే చాలు.